లోవ్రె నోటి మీద పడ్డ వెలుగు

మా సినిమా క్లబ్బులో ఒక కుర్చీ ఉంది. బుధవారం సాయంత్రం ఎవరి కొత్త సినిమా వేస్తే వాళ్ళు ఆ కుర్చీలో కూర్చోవాలి. తెర పక్కన, అందరికీ ఎదురుగా. సినిమా అయ్యాక గదిలో ఉన్న ప్రతివాడూ తన అభిప్రాయం చెప్పేదాకా కుర్చీలో ఉన్నవాడు నోరు విప్పకూడదు. దగ్గొచ్చినా దిగమింగుకోవాలి. ఈ నియమం ఎవడు పెట్టాడో తెలియదు గానీ, వాడు జన్మలో ఒక్క సినిమా కూడా తీసి ఉండడు.

నేను ఆ కుర్చీలో ఎన్నిసార్లు కూర్చున్నానంటే దాని మెత్త నా ఆకారానికి గుంట పడింది.

నా పేరు వింకో. పగలు ఓడల కర్మాగారంలో నక్షాలు గీస్తాను. గీత వెంట్రుకవాసి తప్పినా ఇంజనీరు ఆ కాగితం నా మొహాన కొడతాడు. అందుకేనేమో సాయంత్రాలు గీతంటూ లేని సినిమాలు తీస్తాను. కథ ఉండదు, మనుషులుండరు. వెలుగు, నీడ, తెర మీద పాకే మచ్చలు, అంతే. కన్ను చూసేది ఒకటి, మనసు దాచుకునేది ఇంకొకటి, ఆ రెంటి మధ్య ఏదో జారిపోతూ ఉంటుంది, దాన్ని పట్టుకోవాలని నా తాపత్రయం. చెబుతుంటే బాగానే ఉంటుంది. తెర మీద చూస్తేనే వస్తుంది చిక్కంతా. వాటికి పేర్లు కూడా పెట్టాను: ‘జ్ఞాపకం ఒకటి’, ‘జ్ఞాపకం రెండు’, అలా తొమ్మిది దాకా.

‘జ్ఞాపకం నాలుగు’ చూశాక మా క్లబ్బు కార్యదర్శి బెపో అన్నాడు: “ఒరే వింకో, నీకు గుర్తున్నది ఇంతేనా? డాక్టరుకి చూపించుకోరా బాబూ.”

గదంతా పగలబడి నవ్వింది. నేను నోరు విప్పకూడదు కదా, కుర్చీలో బొమ్మలా కూర్చున్నాను.

పోనీ మా స్ప్లిట్ ఊళ్ళో జనానికి ఇలాంటి సినిమాలు పడవా అంటే, అదీ కాదు. మా క్లబ్బులో అందరూ ఇవే తీస్తారు. ఒకాయన మూసి ఉన్న కిటికీని పావుగంట సేపు తీస్తే కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు. ఇంకొకాయన రీలుని సూదితో గీకి గీకి బెల్‌గ్రేడ్‌లో బహుమతి కొట్టుకొచ్చాడు. కాబట్టి లోపం పద్ధతిలో లేదు. శుభ్రంగా నాలోనే ఉంది.

ఆ వసంతంలో పెరీనా మా క్లబ్బుకి వచ్చింది. ఆవిడ మా మనిషి కాదు. రేవులో, ద్వీపాలకి పోయే స్టీమర్లకి టిక్కెట్లు ఇచ్చే కిటికీలో కూర్చుంటుంది. వస్తూనే కెమెరా ఒకటి అరువు కావాలంది.

“అమ్మ తుంటి విరిగి ఆసుపత్రిలో పడుంది. మంచం దిగనివ్వరు. నాన్నకి ఊపిరితిత్తులు చెడ్డాయి, ఇంట్లో మంచం దిగలేడు, ఆసుపత్రికి రమ్మంటే చచ్చినా రానంటాడు. ‘మాందా ఎలా ఉంది’ అని ఈయన, ‘లోవ్రె తిన్నాడా’ అని ఆవిడ. మధ్యలో నేను బంతిలా అటూ ఇటూ. నాన్నని కాస్త సినిమా తీసి అమ్మకి చూపిద్దామని.”

పెద్దవాళ్ళని మేం బాబాయి అన్నట్టు బార్బా అంటాం; వాళ్ళ నాన్న బార్బా లోవ్రె అంటే మా వారోష్ పేటలో తెలియని వాళ్ళు లేరు. వలలు బాగుచేసేవాడు. నా చిన్నప్పుడు ఆయన పడవలోంచి నేను రెండుసార్లు నీళ్ళలో పడితే రెండుసార్లూ చొక్కా పట్టి పైకి లాగి, రెండుసార్లూ చెంప పగలగొట్టాడు.

కెమెరా ఇచ్చి, గడియారానికి ఇచ్చినట్టు తాళం ఎలా తిప్పాలో, మీట నొక్కి ఎలా బిగించాలో, సగంలో రీలు ఎలా తిరగేయాలో చూపించాను. అంతటితో ఊరుకుంటే నేను వింకోని ఎందుకవుతాను?

“చూడు పెరీనా, మొహాన్ని నేరుగా తీయకు. మొహం అబద్ధాలు చెబుతుంది. ఆయన మీద పడే వెలుగుని తీయి. మనిషి ఉండడంకన్నా లేకపోవడం...”

“నాకు మొహమే కావాలి” అంది పెరీనా. “మీట ఇదేనా?”

రెండు రోజుల తర్వాత కెమెరా తిరిగిచ్చింది. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. ఏమైందంటే చెప్పింది.

“నన్ను గదిలోంచి పొమ్మన్నాడు. ‘మీ అమ్మతో మాట్లాడాలి, నువ్వెందుకు మధ్యలో’ అన్నాడు. కెమెరా బల్ల మీద పెట్టి, తాళం తిప్పి, నేను బయటికొచ్చి తలుపు వేశాను. తాళం అయిపోగానే కేకేసేవాడు. వెళ్ళి తిప్పి మళ్ళీ బయటికి.”

“ఇది మాటలు పట్టదని చెప్పలేదా? మూగ కెమెరా కదా?”

“ఎలా చెప్పను వింకో? పొద్దున్నే గడ్డం గీయించుకున్నాడు. పండగ చొక్కా వేయమన్నాడు. మాటకీ మాటకీ మధ్య ఊపిరి అందని మనిషి, అంతసేపు మాట్లాడాడు. అంతా అయ్యాక ‘చెప్పాల్సింది చెప్పేశాను’ అని హాయిగా పడుకున్నాడు. ఇది మూగది నాన్నా అని ఏ నోటితో అనమంటావు?”

“నీకేమైనా వినపడిందా?”

“గొణుగుడు. అంతే. ఫరవాలేదులే. పెదాలు కనబడితే చాలు, అమ్మ పోల్చుకుంటుంది. నలభై ఏళ్ళుగా ఆయన నోటి వంకే చూస్తోంది.”

రీలు బెపో చేతికిచ్చి వెళ్ళిపోయింది. ఆ రీలు కడగాలంటే మందులు కావాలి, ఆ మందులు మాకు త్రియెస్తె నుంచి రావాలి. ఎవరో ఒకరు సరిహద్దు దాటి వెళ్ళి, కాఫీ, జీన్సు ప్యాంట్లతో పాటు సంచి అడుగున దాచి తెస్తేనే. ఆ నెల ఎవరూ వెళ్ళలేదు. ఈలోగా బార్బా లోవ్రె చనిపోయాడు. పెరీనా అమ్మని, మేమంతా అత్తా అన్నట్టు తేతా అని పిలిచే మాందాని, ఆసుపత్రి వాళ్ళు అంత్యక్రియలకి కూడా పంపలేదు. కదిపితే ఎముక మళ్ళీ విడిపోతుందన్నారు. నలభై ఏళ్ళు కాపురం చేసిన మొగుణ్ణి ఆఖరిసారి చూసుకోవడానికి ఆవిడకి మిగిలింది మా ఫ్రిజ్‌లో ఉన్న ఆ ఒక్క రీలే.

ఇప్పుడు ఫ్రిజ్ సంగతి.

రీళ్ళకి చల్లదనం మంచిదని క్లబ్బులో ఒక ముసలి ఫ్రిజ్ పెట్టాం. పై అరలో కొత్త రీళ్ళు, కింది అరలో వాడేసినవి. ఇది తప్పితే కొంప మునుగుతుంది. ఎందుకంటే మా రీలు కెమెరాలో రెండుసార్లు తిరుగుతుంది. ఒకసారి ఇటువైపు, తీసి తిరగేసి పెడితే మరోసారి అటువైపు. రెండు వైపులా అయ్యేసరికి అది మళ్ళీ మొదటి చక్రం మీదికే చుట్టుకుని వచ్చేస్తుంది. చూడ్డానికి అచ్చం కొత్తదానిలాగే ఉంటుంది. అందులో పెళ్ళి ఉందో, చావు ఉందో, అసలేమీ లేదో బ్రహ్మాండమైన కళాకారుడు కూడా చెప్పలేడు. నాలాంటివాడి సంగతి సరేసరి.

ఇలా ఉండగా బెపోకి వాళ్ళ మామయ్య హ్వార్ ద్వీపం నుంచి ఒక ఆక్టోపస్ పంపించాడు. చిన్నదైతే గొడవే లేదు. ఒక్కో చెయ్యి నా చెయ్యంత ఉంది. మా వైపు ఆక్టోపస్‌ని గడ్డకట్టించకుండా ఎవరూ వండరు, లేకపోతే చెప్పు నమిలినట్టే ఉంటుంది. బెపో ఇంట్లో ఫ్రిజ్‌లో అది పట్టలేదు. క్లబ్బుకి తెచ్చాడు. ఇక్కడా పట్టలేదు. పై అర ఊడదీశాడు. రీళ్ళన్నీ తీసి రొట్టెల బుట్టలో వేశాడు. గడ్డకట్టాక దాన్ని తీసుకెళ్ళి, అర బిగించి, రీళ్ళు మళ్ళీ సర్దాడు. ఎలా సర్దాడంటే, కొత్తగా కనిపించినవి పైన పెట్టాడట.

ఆ ఆదివారం ఆక్టోపస్‌ని బంగాళదుంపలతో పాటు మూకుడు మూతేసి నిప్పుల మీద మగ్గబెట్టాడు. క్లబ్బంతా తిన్నాం. నేను రెండుసార్లు వడ్డించుకున్నాను.

సోమవారం నాకు ‘జ్ఞాపకం పది’ తీయాలన్న బుద్ధి పుట్టింది. పై అరలోంచి ఒక రీలు తీసుకుని ఇంటికెళ్ళాను. వంటగది కిటికీకి దుప్పటి కట్టి చీకటి చేశాను. బట్టలుతికే తొట్టిలో నీళ్ళు నింపి, అడుగున పగిలిన అద్దం ముక్కలు పేర్చి, మీద దీపం పెట్టాను. నీటి మీది వెలుగు కప్పు మీద పాకుతుంటే వెల్లకిలా పడుకుని తీశాను. చేతులు రెండూ కెమెరాకి సరిపోయాయి కాబట్టి నీళ్ళు కాలితో కదిలించాను. తొట్టి ఒరిగి కింది వాటా వాళ్ళ మంచం తడిసింది. ఆ ఇంటావిడ పైకొచ్చి నన్ను ఆ అవతారంలో చూసి, “ఈయనకి పెళ్ళెందుకు కాలేదో ఇప్పుడర్థమైంది” అని వెళ్ళిపోయింది. కళ కోసం ఇంతకన్నా ఎక్కువ నష్టపోయినవాళ్ళున్నారని సర్దిచెప్పుకున్నాను.

చివరికి మందులొచ్చాయి. బుధవారం మధ్యాహ్నం బెపో రీళ్ళన్నీ కడిగి ఆరబెట్టాడు. సాయంత్రానికి గది నిండింది. నేను నా కుర్చీలో కూర్చున్నాను. దీపం ఆరింది.

మొదట అంతా నేననుకున్నట్టే వచ్చింది. నల్లటి తెర, దాని మీద తెల్లటి వెలుగు మచ్చలు చిలవలు పలవలుగా. ఎవరో అప్పుడే ఆవలించారు కూడా. అంతలో మచ్చల వెనకాల ఏదో లేతగా కదిలింది. మందు సరిగ్గా పట్టలేదనుకుని బెపోని మనసులో తిట్టుకున్నాను. అది చెయ్యి. తర్వాత చొక్కా కాలరు. తర్వాత ఒక ముసలి మొహం, దిండుకి ఆనుకుని, నేరుగా మా అందరివంకా చూస్తూ. వెలుగు ఆ మొహం మీదుగా పాకుతుంటే అది ఒకసారి కరిగిపోతుంది, ఒకసారి తేలుతుంది. కళ్ళు కనిపిస్తే నోరు కనిపించదు. ఆవలించినవాడు మళ్ళీ ఆవలించలేదు.

దీపం వేశారు. కిటికీని పావుగంట తీసినాయన లేచి నిలబడ్డాడు. మా క్లబ్బులో ఆయన లేచి మాట్లాడిన గుర్తు నాకు లేదు.

“వింకో, ఇన్నాళ్ళూ నిన్ను ఎగతాళి చేశాం. తప్పు మాది. జ్ఞాపకమంటే ఇదే. మనం చూడాలనుకున్న చోటే కన్ను కాలిపోతుంది. ఆ నోటిని కప్పేయాలని నీకెలా తట్టిందయ్యా?”

తర్వాత ఇంకొకడు. తర్వాత ఇంకొకడు. ఒకాయన కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ సగంలో కూర్చుండిపోయాడు. నేనేం చెయ్యను? నియమం ప్రకారం నోరు విప్పకూడదు. నా సినిమాలో మనిషెవరో, ఎక్కణ్నుంచి ఊడిపడ్డాడో నాకే తెలియదు. అయినా మొహం మాత్రం ఎంతో లోతైన విషయం దాచుకున్నవాడిలా పెట్టాను. నా జీవితంలో నా మొహం అంత గంభీరంగా ఎప్పుడూ లేదు. చివరికి నా వంతు వచ్చింది.

“కొన్నిటిని వివరించకూడదు” అన్నాను.

చప్పట్లు కొట్టారు! సిగ్గులేకుండా తల వంచి అందుకున్నాను. శనివారం సాయంత్రం రైల్లో బెపో క్లబ్బు సినిమాలన్నీ తీసుకుని జాగ్రెబ్ ఉత్సవానికి వెళ్ళాలి. నాది కూడా పంపాలని అక్కడికక్కడే తీర్మానమైపోయింది.

అందరూ వెళ్ళాక బెపో రీలు వెనక్కి చుడుతూ అన్నాడు: “అది సరే గానీ, బార్బా లోవ్రెని ఎప్పుడు తీశావురా?”

“లోవ్రెనా?”

“మరి ఎవరనుకున్నావు? నీ చెంప పగలగొట్టినవాణ్ణే గుర్తుపట్టలేదా?”

నిజమే. జ్ఞాపకం మీద పది సినిమాలు తీసినవాణ్ణి, పండగ చొక్కా వేసుకుని, చిక్కి సగమైన ఆ మొహాన్ని పోల్చుకోలేకపోయాను. అప్పుడు ఇద్దరికీ ఒకేసారి వెలిగింది. ఇద్దరం ఫ్రిజ్ వైపు పరిగెత్తాం. కింది అరలో ఉన్న రీలు, ఆ మధ్యాహ్నమే బెపో కడిగి, చూడకుండానే చుట్టి పెట్టిన పెరీనా రీలు, దీపం ముందు పట్టి చూశాం. మొదటి నుంచి చివరిదాకా కటిక నలుపు. ఏ కెమెరాలోకీ ఎక్కని రీలది.

“నీ ఆక్టోపస్ మండిపోనూ!” అన్నాను.

“రెండుసార్లు పెట్టించుకున్నప్పుడు బాగానే ఉందే?” అన్నాడు బెపో. ఆ నల్ల రీలు చుడుతూ, “కాపీ?” అన్నాడు. కాపీ తీసే యంత్రం మా ఊళ్ళో లేదు. ఈ రకం రీలుకి అసలూ నకలూ అన్నీ ఒకటే. ఉన్నది అదొక్కటి.

మర్నాడు రేవుకి వెళ్ళాను. టిక్కెట్ల కిటికీ ముందు వరసలో నిలబడ్డాను. నా వెనక కోళ్ళ గంపతో ఒకావిడ. నా వంతు వచ్చేసరికి పెరీనా తలెత్తి నవ్వింది.

“మందులొచ్చాయటగా? బెపో చెప్పాడు. వచ్చిందా? నాన్న బాగా వచ్చాడా?”

“వచ్చాడు” అన్నాను. “ఆయనతోపాటు నేను కూడా వచ్చాను.”

ఎంత నీళ్ళు నమిలినా చెప్పక తప్పలేదు. చెప్పాను. పెరీనా మొదట అర్థం కానట్టు చూసింది.

“అంటే, మచ్చలు. రీలు మీద మచ్చలు. కడిగెయ్యి.”

“అవి కడిగితే పోయేవి కావు పెరీనా. అది వెలుగు. రెండోసారి పడింది.”

“మొహం మీదా?”

“కదులుతూ ఉంటుంది. కళ్ళు బాగా కనిపిస్తాయి. నోటి మీదే కొంచెం...”

ఆవిడ మొహం పాలిపోయింది. తర్వాత ఎర్రబడింది.

“నోటి మీదే! ఇంత ఊరుంది, ఇంత సముద్రముంది, నీకు పాకించడానికి మా నాన్న నోరే దొరికిందిరా? ఊపిరి బిగబట్టి మాట్లాడాడురా ఆయన! శనివారం అమ్మని ఇంటికి తెస్తున్నాను. ‘సినిమా ఎప్పుడు’ అని రోజూ అడుగుతోంది. ఏం చెప్పను? వింకోకి కళ పుట్టిందమ్మా, నాన్న మాట పోయిందని చెప్పనా?”

కోళ్ళ గంప ఆవిడ వెనక నుంచి, “టిక్కెట్టు తీసుకుంటావా, ఇక్కడే చస్తావా?” అంది. రెండోదే మేలనిపించింది.

“నేనే వచ్చి వేస్తాను” అన్నాను. “శనివారం సాయంత్రం. సినిమా వేసే యంత్రం మోసుకొస్తాను. తిట్లు నేనే తింటాను.”

“తింటావు” అంది పెరీనా, కిటికీ మూసేస్తూ.

ఇక్కడ నా బుద్ధి ఎలాంటిదో చెప్పకపోతే ఈ కథ మొత్తం అబద్ధమవుతుంది. శనివారం వారోష్ మెట్లెక్కుతున్నప్పుడు, యంత్రం బరువుకి భుజం పడిపోతున్నా, నా తలలో రెండు లెక్కలు నడుస్తున్నాయి. మొదటిది, పాపం తేతా మాందా. రెండోది, సినిమా నాలుగు నిమిషాలు, సర్దుకోవడం పది నిమిషాలు, పరిగెడితే జాగ్రెబ్ రైలెక్కే బెపోకి రీలు అందించొచ్చు. ఉత్సవమయ్యాక రీలు తెచ్చి ఆవిడకే ఇచ్చేయొచ్చు. అక్కడి యంత్రాల్లో నలిగో, పోస్టులో పోయో తిరిగి రాని రీళ్ళు ఎన్నో ఉన్నాయి, ఆ సంగతి తలలోకి రానివ్వలేదు. చప్పట్ల రుచి మరిగినవాడికి కాలు నిలవదు.

తేతా మాందా కిటికీ పక్కన పెద్ద కుర్చీలో కూర్చుని ఉంది. నల్లబట్టలు. కర్ర ఒళ్ళో పెట్టుకుంది. నన్ను చూసి కూర్చోమంది.

“నువ్వు పడవలోంచి పడేవాడివి కదూ?”

“అవును తేతా.”

“ఏమైనా తిన్నావా? చిక్కిపోయావు. పెరీనా, వీడికి ఆ చేప ముక్క పెట్టు.”

గొంతు దిగదని చెప్పినా వినలేదు. నిలబడే రెండు ముక్కలు మింగాను. పెరీనా కిటికీ తలుపులు మూసింది. గోడ మీది మేరీమాత పటం తీసి పక్కన పెట్టింది. నేను యంత్రం బల్ల మీద పెట్టి, రీలు మూడోసారికి గానీ ఎక్కించలేకపోయాను.

“తేతా, ముందే ఒక మాట. ఇందులో నా వల్ల...”

“ముందు వెయ్యి నాయనా. తర్వాత చెబుదువు.”

మీట నొక్కాను.

గోడ మీద నా వెలుగు పాకడం మొదలుపెట్టింది. తేతా మాందా కాసేపు చూసి, “గోడ కారుతోందేమే?” అంది.

“కాదమ్మా” అంది పెరీనా పళ్ళు బిగించి. “అది వింకో సినిమా.”

“అయ్యో పాపం” అంది ఆవిడ, నావైపు నిజంగానే జాలిగా తిరిగి.

అంతలో లోవ్రె వచ్చాడు. దిండుకి ఆనుకుని, పండగ చొక్కాలో. ఆవిడ చేతిలో కర్ర కింద పడింది. ఎవరూ తీయలేదు. ఆయన మాట్లాడుతున్నాడు. నా మచ్చ సరిగ్గా పెదాల మీదికి వచ్చి, అక్కడే నాట్యం చేస్తోంది. పక్కకి జరుగు. నీకు దణ్ణం పెడతాను, పక్కకి జరుగు. నా సినిమాని నేనే అంత అసహ్యించుకున్న క్షణం లేదు. బుధవారం అందరూ మెచ్చుకున్న ఆ మచ్చే ఇప్పుడు గోరుతో గీకి పారేయాలనిపించింది. అది పక్కకి జరగనేలేదు. నాలుగు నిమిషాలూ అంతే. రీలు అయిపోయి, చివర టపటపా కొట్టుకుంది.

తేతా మాందా ఇంకా గోడ వైపే చూస్తోంది. పెరీనా ఆవిడ కాళ్ళ దగ్గర కూలబడింది.

“అమ్మా, నోరు కనబడలేదు. నాన్న ఏం చెప్పాడో ఇంక తెలియదమ్మా. నేనైనా తలుపు దగ్గర చెవి పెట్టాల్సింది. పొమ్మంటే పోయాను. నన్ను క్షమించు.”

“నాదే తప్పు తేతా” అన్నాను. ఇంకా ఏదో అనబోతే ఆవిడ చెయ్యెత్తింది.

“మళ్ళీ వెయ్యి.”

వెనక్కి చుట్టి, మళ్ళీ వేశాను. ఈసారి ఆవిడ కుర్చీలో ముందుకు జరిగింది. లోవ్రె చెయ్యి పైకి లేచి, కాలరు దగ్గర ఆగింది.

“తిన్నాను” అంది తేతా మాందా. “నువ్వే తినట్లేదట.”

పెరీనా తలెత్తి చూసింది. నేను యంత్రం మీద చెయ్యి వేసి అలాగే ఉండిపోయాను. గోడ మీద లోవ్రె కనుబొమ్మలు ముడిపడ్డాయి. వేలు ఒకటి ఊపాడు.

“ఇవ్వను. మీ తమ్ముడికి ఆ పడవ చస్తే ఇవ్వను, సరేనా? దానికే అంత ఆయాసపడాలా?”

ఆయన దిండు మీద కాస్త జారాడు. తల పక్కకి తిప్పి కిటికీ వైపు చూశాడు. ఆవిడ నవ్వింది.

“అది నేను కాదు, నువ్వే. నేను రేవులోనే నిలబడ్డాను. నువ్వే వేరే పడవ ఎక్కిపోయి, ఇన్నేళ్ళూ నామీద పెట్టావు.”

నేను ఆయన నోటి వైపు చూడ్డం మానేశాను. చేతులు చూశాను, భుజాలు చూశాను. నాకేమీ తెలియలేదు. అది వాళ్ళిద్దరి భాష, అందులో నాకు అక్షరమ్ముక్క రాదు. ఇంతలో లోవ్రె అరచెయ్యి ఛాతీ మీద వేసుకున్నాడు. వేసుకుని అలాగే ఉంచాడు. వెలుగు ఆయన మొహం మొత్తాన్ని మింగేసింది. ఆ చెయ్యి ఒక్కటే కనిపిస్తోంది.

తేతా మాందా గొంతు మారింది.

“ఎందుకు భయం? లోవ్రె, ఇటు చూడు. నేనున్నానుగా.” ఆవిడ చెయ్యి గాల్లోకి చాచింది. గోడ అందేంత దగ్గరలో లేదు. “రానివ్వలేదు నన్ను. రాననలేదు నేను. నాలుగు కాళ్ళ మీద పాకైనా వస్తానన్నాను, మంచానికి కట్టేశారు. నువ్వు ఒక్కడివే ఉన్నావని నాకు తెలియదనుకున్నావా? రోజూ తెలుసు. రాత్రీ పగలూ తెలుసు. నేను రానని మాత్రం అనుకోకు.”

రీలు అయిపోయింది. గోడ తెల్లబడింది. పెరీనా తల్లి ఒళ్ళో మొహం దాచుకుని ఏడుస్తోంది. నా కళ్ళకి గోడా యంత్రమూ అలుక్కుపోయి ఏదీ స్పష్టంగా కనిపించడం లేదు. ముక్కు చీదుకోవడానికి జేబులో రుమాలు కూడా లేదు, చొక్కా చేతితోనే కానిచ్చాను.

కింద వీధిలోంచి బెపో గొంతు వినిపించింది. రైలు వేళవుతోందని స్టేషనుకి పోతూ ఇటు వచ్చినట్టున్నాడు.

“వింకో! ఒరే వింకో! రీలు పడేయరా, టైమైపోతోంది! జాగ్రెబ్ రా!”

కిటికీ తలుపు సందు చేసి తల బయట పెట్టాను.

“నా సినిమా ఏం లేదు. నువ్వు పో.”

“లేకపోవడమేమిట్రా? పిచ్చా నీకు? నీ బతుకులో బాగున్నది అదొక్కటే!”

“అది నాది కాదు” అని తలుపు మూసేశాను. బెపో కింద ఇంకా ఏవేవో అంటూనే ఉన్నాడు, తర్వాత మెట్లు దిగుతున్న చప్పుడైంది. పెద్ద త్యాగం చేసినవాడిలా ఛాతీ ఉబ్బించబోయాను గానీ, ఆ గదిలో నావైపు చూసేవాళ్ళు ఎవరూ లేరు.

తేతా మాందా పైట చెంగులా భుజం మీది నల్ల శాలువాని లాక్కుని కళ్ళు తుడుచుకుంది. పడిపోయిన కర్ర తీసి ఒళ్ళో పెట్టాను. ఆవిడ నా మణికట్టు పట్టుకుంది.

“నాయనా, ఇంకొక్కసారి వెయ్యి.”

“ఎన్నిసార్లంటే అన్నిసార్లు వేస్తాను తేతా.”

“ఈసారి నేను నోరు మూసుకుంటాను” అంది ఆవిడ. “మధ్యలో అడ్డం తగిలాను, చివర ఆయనేదో అంటున్నాడు, అది వినిపించుకోలేదు.”

నేను రీలు వెనక్కి చుట్టడం మొదలుపెట్టాను.